పసుపు కుంకుమ పొలం, బాలి పెళ్ళి

మా పిన్ని కూతురి పెళ్ళి ఇండోనేషియాలోని బాలి దీవిలో చెయ్యాలని మగపెళ్ళివారు కోరారు. పిల్లా పిల్లాడూ ఇద్దరూ బెంగుళూరులో ఉద్యోగాలు చేస్తున్నారు. పామర్రులో ఉన్న పిన్నికి, పెళ్ళి ఏర్పాట్లు చేసే కంపెనీలతో ఇంగ్లీషులో మాట్లాడే మనిషి కావలసి వచ్చింది. సాహిత్యంలో డాక్టరేట్ చేసి, ముప్పయ్యయిదు దాటినా పెళ్ళి చేసుకోని నేను ఆ పనికి దొరికాను. నెలరోజులుగా మూడు కంపెనీల కొటేషన్లు చదువుతున్నాను. కాగితంమీద రాసినదాని పక్కన రాయనిది వెతకడం నాకు అలవాటైన పనే.

మొదటి కంపెనీ తన ఫీజు మొత్తం ఖర్చులో ఇంత శాతం అంది. అంటే మన పందిట్లో పూలు పెరిగినకొద్దీ వాళ్ళ రాబడి పెరుగుతుంది. రెండోది అసలు ఫీజే లేదంది. కాస్త గట్టిగా అడిగితే హోటలు నుంచీ, డెకరేషన్ వాళ్ళ నుంచీ కమిషన్ తీసుకుంటామని చెప్పింది. మూడోది ఒకే మొత్తం చెప్పి, మిగతా బిల్లులన్నీ నేరుగా మనకే ఇప్పిస్తానంది. నాకు ఇదే నయమనిపించింది. భోజనాలకి కనీసం ఎంతమంది లెక్కన కట్టాలి, బయటి వంటవాళ్ళని హోటలు రానిస్తుందా, పెళ్ళి వాయిదా పడితే అడ్వాన్సులో ఎంత వెనక్కి వస్తుంది, మైకు ఎన్నింటికి ఆపాలి అని అడిగాను. రాత్రి పదింటికే ఆపాలట. మన ముహూర్తాలేమో అర్ధరాత్రివి. పైగా బాలి గడియారం మనకంటే రెండున్నర గంటలు ముందు నడుస్తుంది. పురోహితుడు లగ్నం మళ్ళీ లెక్కకట్టాలన్నారు.

నన్ను ఆపేసింది ఈ లెక్కలు కాదు. తలంబ్రాలు కలపడం, కొబ్బరిబోండాం అలంకరించడం, అతిథుల్ని పలకరించడం - ప్రతి పనికీ ఒక వరస, ఎదురుగా ఒక ధర. మా ఇళ్ళలో ఇవన్నీ అమ్మ, పిన్నులు, అత్తలు చేసిన పనులే. పదిరోజుల ముందునుంచీ పసుపు దంచి, అరిసెలు వండి, విడిదింటికి కాఫీలు మోసి, పెళ్ళినాటికి నడుములు విరిగి మూలన కూర్చునేవాళ్ళు. అదంతా ఏ లెక్కలోకీ రాలేదు. అరివేణి కుండలు చేసిన కుమ్మరికీ, సన్నాయి ఊదినవాళ్ళకీ, విడిచిన బట్టలు ఉతికిన రజక స్త్రీకీ ముట్టజెప్పినది కూడా వాళ్ళ హక్కులాగా కాదు, మన దయలాగా ఇచ్చాం. అందుకే ఊళ్ళో పందిరి పెళ్ళిళ్ళు పోయాయని నాకేమీ దిగులు లేదు. ధర కట్టాకనైనా అది పని అని ఒప్పుకున్నారు.

అయితే ధర కట్టినంత మాత్రాన పాత చూపు పోలేదు. 'పసుపు దంచే కార్యక్రమం - ముత్తయిదువలు 5' అని ఒక వరస ఉంది. నాన్న పోయాక మా అమ్మ చేతులమీదుగా మా వంశంలో నాలుగు పెళ్ళిళ్ళు జరిగాయి. రోలు దగ్గరికి మాత్రం ఆమెను ఎవరూ పిలవలేదు. సముద్రాలు దాటినా ఆ మాట దాటలేదు. 'ముత్తయిదువలు' కొట్టేసి 'ఆడవాళ్ళు' అని రాసి పంపాను. కంపెనీకి అభ్యంతరం లేదు. అభ్యంతరం ఉన్నది మా వాళ్ళకే.

ఇక డబ్బు. పిన్ని పెళ్ళి 1994లో జరిగింది. అప్పటికే ఆంధ్రప్రదేశ్‌లో ఆడపిల్లలకి ఉమ్మడి ఆస్తిలో సమాన వాటా చట్టం ఉంది. ఈ పామర్రు మండలంలోని నిమ్మకూరులో పుట్టిన ఎన్.టి. రామారావు ముఖ్యమంత్రిగా ఉండగా 1986లో వచ్చిన సవరణ అది. అయినా పుట్టింటివాళ్ళు వాటా అనలేదు, పసుపు కుంకుమ కింద అని ఎకరంన్నర రాశారు. పేరేదైనా 1956 చట్టం ప్రకారం ఆ పొలం పూర్తిగా ఆమెది. ఇప్పుడు ఇంట్లో అమ్ముదామంటున్నది ఆ పొలాన్నే. కాంట్రాక్టులో 'క్లయింటు' అన్నచోట మూడు కంపెనీలూ ఎవరినీ అడక్కుండానే బాబాయి పేరు రాశాయి. పొలం పిన్నిది, సంతకం బాబాయిది, కోరిక మగపెళ్ళివారిది. వరకట్నం 1961లోనే నేరమైంది. కానీ 'పెళ్ళి మీరే చెయ్యాలి, ఫలానాచోట చెయ్యాలి' అనే మాటని మా ఊళ్ళో ఎవరూ కట్నం అనరు, ముచ్చట అంటారు.

2023 నవంబరులో వరుణ్ తేజ్, లావణ్య త్రిపాఠిల పెళ్ళి ఇటలీలో జరిగింది. ఆ ఫొటోలు చూసినప్పటినుంచీ ఈ ముచ్చట పుట్టిందని పిల్ల చెప్పింది. సినిమావాళ్ళు వాళ్ళ డబ్బు వాళ్ళు ఖర్చు పెట్టుకుంటారు, మనం మాత్రం అమ్మ పొలం తూస్తాం. మా ప్రాంతంవాళ్ళు పెళ్ళికోసం దూరం వెళ్ళడం కొత్తేమీ కాదని నేను ఆమెకు గుర్తుచేశాను. ఉయ్యూరు దగ్గర ముదునూరులో 1940లో నాస్తిక కేంద్రం పెట్టిన గోరా, తన కూతురు మనోరమకి దళితుడైన అర్జునరావుతో 1948లో వార్ధా దగ్గర సేవాగ్రాంలో పెళ్ళి చేశారు. అక్కడ ఆ పెళ్ళి జరిపించాలనుకున్న గాంధీ అప్పటికి హత్యకు గురయ్యారు. అయినా అక్కడే చేశారు. అంతదూరం వెళ్ళింది కులాన్ని దాటడానికి. మనం వెళ్తున్నది దేన్ని దాటడానికి?

పిల్ల ఆ ప్రశ్నకి జవాబు చెప్పలేదు. కొటేషన్లు మాత్రం తీసుకుని ఒక రాత్రంతా చదివింది. పెళ్ళికొడుకు స్నేహితుల గదుల అద్దె కూడా మా ఖర్చులోనే ఉందని ఆమే కనిపెట్టింది. 1954 ప్రత్యేక వివాహ చట్టం కింద రిజిస్ట్రార్ ఎదుట పెళ్ళికి ముగ్గురు సాక్షులు చాలని తెలుసుకుంది. బాలి వేడుకే కావాలంటే ఖర్చు సగం సగం, అదీ తామిద్దరి జీతాలనుంచి అని అతనికి చెప్పింది. ఇంట్లోవాళ్ళని అడిగి చెప్తానన్నాడట.

మూడో కంపెనీకి ఈ నెలాఖరులోగా అడ్వాన్సు కట్టాలి. 'క్లయింటు' అన్నచోట ఇప్పుడు పిన్ని పేరు, కూతురి పేరు ఉన్నాయి. సంతకాలు ఇంకా కాలేదు. పొలం బేరానికి మనిషి వచ్చాడు, పాసుపుస్తకం తియ్యమని బాబాయి అడిగితే పిన్ని బీరువా తాళం ఇవ్వలేదు. "ముందు వాళ్ళ జవాబు రానీండి" అందట.