అమ్మమ్మ చీర

2002లో నేను కోదాడలో ఇంటర్ చదువుతున్నా. మా ఊరు సాగర్ ఎడమ కాలువ కింద. పొద్దున్నే ఆర్టీసీ బస్సు, పుస్తకాల మధ్య బస్‌పాసు, కాలు పెట్టే సందు లేని జనం. ఆ ఏడే ‘జయం’ సినిమా వచ్చింది. అందులో హీరోయిన్ సదా లంగావోణీలో రైలెక్కి కాలేజీకి పోతుంటే నా మనసు ఆ రైలు మీదికి పోయింది. కోదాడకు రైలు లేదు. మాకు రైలంటే మిర్యాలగూడే. సినిమా చూసొచ్చి మేం నలుగురం వారం రోజులు సదాలాగా పట్టీలు పెట్టుకుని బస్సెక్కాం. ఎవరి కోసమని ఇంట్లో అనుమానం. ఆడపిల్లకు ఏదన్నా కావాలనిపిస్తే అది పిలగాడే అయ్యుంటాడని సినిమాలూ, ఇంట్లోవాళ్లూ ఒక్క తీరుగా నమ్మేవాళ్లు. నాకు కావలసింది ఎటన్నా పోవడం. ఆ మాట పైకి అనడం కూడా తెలియదు.

2004 చలికాలంలో చిన్నమ్మ దగ్గరికి మిర్యాలగూడ పోయా. రైసుమిల్లుల నుంచి ఉడికిన వడ్ల వాసన ఇంట్లోకి వచ్చేది. ఇద్దరం శేఖర్ కమ్ముల ‘ఆనంద్’కు పోయాం. అందులో రూప నాకంటే పెద్దది, ఉద్యోగం చేసుకునే పిల్ల. పెళ్లి రోజున చనిపోయిన అమ్మ చీర కట్టుకుంటే అత్తగారు మార్చుకోమంటుంది. పెళ్లికొడుకు నోరు మెదపడు. రూప ఆ పెళ్లే వద్దనుకుంటుంది. పక్కన పల్లీలు ఒలుస్తున్న చిన్నమ్మ చెయ్యి ఆగిపోయింది. పొట్టు తీసిన గింజ వేళ్ల మధ్యే ఉంది, నోట్లో వేసుకోలేదు.

రిక్షాలో వస్తుంటే మెల్లగా అంది: “నా పెండ్లికి అమ్మ చీర కట్టుకుంటనంటే కట్టుకోనియ్యలేదు బిడ్డా.” మళ్లా ఇల్లు చేరేదాకా మాట్లాడలేదు.

‘ఫిదా’ 2017లో ఇద్దరం సూర్యాపేటలో చూశాం. అప్పటిదాకా మా తెలంగాణ యాస సినిమాల్లో ఎక్కువగా కమెడియన్‌కో విలన్‌కో దక్కేది. ఇందులో బాన్సువాడ భానుమతి అదే యాసతో ప్రేమించింది, కొట్లాడింది, నాన్నను విడిచి పోనని మొండికేసింది. “మన లెక్కనే మాట్లాడుతున్నదే!” అని చిన్నమ్మ పైకే అనేసింది. ముందు వరుసవాళ్లు తిరిగి చూసినా పట్టించుకోలేదు. నా కళ్లలో నీళ్లు తిరిగాయి. పదహారేళ్లప్పుడు ఈ పిల్ల తెర మీద నాకు ఎందుకు దొరకలేదు?

ఆ రాత్రి చిన్నమ్మ ట్రంకుపెట్టె అడుగు నుంచి అమ్మమ్మ చీర తీసింది. ఎర్రటి నారాయణపేట నూలు చీర, మడతల దగ్గర పిగిలిపోయింది. కుచ్చిళ్లు నన్ను పట్టుకోమని, అద్దం ముందు నిలబడి కట్టుకుంది.