చార్మినార్ దగ్గర ఒక పొద్దున్న, మా చోడి అంబలి ధర

సంక్రాంతి అయిపోయింది. మినప చేను పూతకి వస్తోంది, మావిడి పూత చూసుకుంటూ కూర్చోవడమే పని. ఈ తెరిపిలో పెద్ద పోస్టు రాస్తున్నాను. ఈసారి పురుగూ తెగులూ కాదు, తిండి సంగతి. గత వారం హైదరాబాదు వెళ్ళాం. చార్మినార్ దగ్గర ఒక కుర్రాడు మమ్మల్ని సందుసందూ తిప్పి, తినిపించి, ఆ తిండి కథలు చెప్పి డబ్బు పుచ్చుకున్నాడు. దాన్ని ఫుడ్ వాక్ అంటారట. మీరు నవ్వుతారని తెలుసు. నేనూ నవ్వేను.

ముందు మా ఇంట్లో గొడవ చెప్పాలి, లేకపోతే మిగతాది అర్థం కాదు.

మా చిన్నోడు ఆరేళ్ళ బట్టి హైదరాబాదులో ఒక హోటల్ వంటింట్లో పని చేస్తున్నాడు. మొన్న దసరాకి వచ్చినప్పుడు కంచం ముందు కూర్చుని, "నాన్నా, నాను వచ్చెస్తాను. అరకు రోడ్డు మీద బండి ఎడతాను. చోడంబలి, దిబ్బరొట్టి, పెసరట్టు" అన్నాడు. వాడి లెక్క వాడికుంది. నవంబరు నుంచి జనవరి దాకా తెల్లారకముందే విశాఖపట్నం నుంచి అరకు వెళ్ళే కార్లు మా శృంగవరపుకోట మీదుగానే పోతాయి. బొడ్డవర దాటేక ఘాటీ. కొండెక్కే ముందు ఎక్కడో ఒక దగ్గర ఆగి వేడిగా ఏదైనా కడుపులో పడాలనుకుంటారు.

నాకు ముద్ద దిగలేదు. "అన్నం అమ్ముకుంతావేట్రా?" అన్నాను.

మీలో పెద్దవాళ్ళకి ఈ మాట బరువు తెలుసు. మా అమ్మ ఉన్నన్నాళ్ళూ వేసంగిలో వీధి అరుగు మీద అంబలి కుండ ఉండేది. చోడిపిండి ముందు రోజే నానబెట్టి, పులిసేక నూకలు వేసి కాచి, పొద్దున్నే మజ్జిగ పోసి, ఉల్లిపాయ, పచ్చిమిరప కోసి పెట్టేది. సంత నుంచి వచ్చేవాడు, కొండ దిగి కట్టెలు తెచ్చేవాడు, ఎవరైనా సరే, అడగక్కర్లేదు, ముంత తీసుకుని తాగడమే. ఒకసారి ఎవరో పావలా ఇవ్వబోతే ఆవిడకి ఎంత కోపం వచ్చిందో నాకు ఇప్పటికీ గుర్తు. ఆ ఇంటి మనవడు అంబలి గ్లాసుల్లో పోసి అమ్ముతాడా? ఆ మాటా ఈ మాటా పెరిగింది. వాడు మర్నాటి బస్సుకే వెళ్ళిపోయాడు. మూడు నెలలు మా ఇద్దరి మధ్యా మాటల్లేవు. ఫోను వస్తే మా ఆవిడే మాట్లాడేది, నేను పక్క గదిలోంచి వినేవాణ్ణి.

ఆ మధ్యలోనే డిసెంబరులో మిచాంగ్ తుఫాను. కోసిన పనలు చేలోనే తడిసాయి. ఆరబెట్టి తీసుకెళ్తే తేమ 17 శాతం దాటిందని ఒక మిల్లు దగ్గర బస్తాకి ఇన్ని కిలోలని తరుగు కోసేరు. ఎంతని రాయను, రాస్తే మళ్ళీ కడుపు మండుతుంది. నేను ఎదురు మాట్లాడలేదు. ధాన్యం లారీ ఎక్కేసింది, ఇంకేం మాట్లాడతాం.

కనుమ వెళ్ళేక వాడు గోదావరి ఎక్స్‌ప్రెస్‌కి మా ఇద్దరికీ టికెట్లు పంపించాడు. "నాలుగు రోజులు ఉండి వెళ్ళండి. ఒక పూట నాన్నని నాతో నడవమను, అంతే" అని వాళ్ళమ్మతో చెప్పాడట.

మూసాపేటలో వాడి గది నేను చూడ్డం అదే మొదటిసారి. ఆరుగురు ఉంటారు. ముగ్గురు పనికి వెళ్తే ముగ్గురు పడుకుంటారు. మేం ఉన్న నాలుగు రోజులూ వాళ్ళు వేరే స్నేహితుల దగ్గర సర్దుకున్నారు పాపం. రాత్రి వాడు చొక్కా విప్పితే మోచేతి కింద కాలిన మచ్చలు వరసగా కనిపించాయి. నూనె చిందినవి, పెనం అంచు తగిలినవి. మా ఆవిడ చెయ్యి పట్టుకుని చూస్తుంటే, "అందరికీ ఉంటాయమ్మా" అన్నాడు. నేను అటు తిరిగి పడుకున్నాను.

మర్నాడు తెల్లవారుజామున ఆటోలో చార్మినార్. ఆరున్నరకి అక్కడ గైడు కుర్రాడు, మాతో పాటు ఒక ఇంగ్లండు ఆవిడ, బెంగుళూరు భార్యాభర్తలు. అప్పుడు చెప్పింది మా ఆవిడ, దీనికి మనిషికి పదిహేను వందలని. ముగ్గురికి నాలుగు వేల అయిదొందలు! 2023-24లో సాధారణ రకం ధాన్యానికి మద్దతు ధర క్వింటాలు 2,183 రూపాయలు ఉండేది. అంటే 80 కిలోల మన బస్తాకి 1,746. రెండున్నర బస్తాల పైమాట ధాన్యం ఇచ్చి టిఫిన్ తినడానికి వచ్చామన్నమాట. కట్టేసిన డబ్బు కదా అని ఊరుకున్నాను.

చార్మినార్ 1591లో కులీ కుతుబ్ షా కట్టించాడని, అప్పుడే ఈ ఊరు పుట్టిందని గైడు చెబుతున్నాడు. నా కళ్ళు మాత్రం మక్కా మసీదు వైపు పావురాల మీద ఉన్నాయి. వందలకొద్దీ. వాటికి వెయ్యడానికి జొన్నలు అమ్ముతున్నారు. చిన్న గిన్నెడు పది రూపాయలు. గిన్నె చేత్తో తూచి చూశాను, ఎంత లేదన్నా కిలో గింజలు నూరు రూపాయల పైన పడతాయి. పావురాలకి అమ్మినా బాగుండేదిరా అనుకున్నాను.

మొదట టీ. చార్మినార్ పక్కనే నిమ్రా అని పేరున్న హోటలు. ఇరానీ టీ మన టీలాగ కాదు. డికాక్షను వేరే గిన్నెలో మూత బిగించి దమ్ము మీద మరిగిస్తారు, పాలు విడిగా చిక్కబడేదాకా కాస్తారు, కప్పులో రెండూ కలుపుతారు. దానికి తోడు ఉస్మానియా బిస్కట్, కొంచెం తీపి, కొంచెం ఉప్పు. ఆఖరి నిజాం మీర్ ఉస్మాన్ అలీ ఖాన్ పేరు మీద వచ్చిందది. బావుంది. బిస్కట్ టీలో ముంచి తియ్యడం ఆలస్యమైతే సగం లోపలే ఉండిపోతుంది, నాకు రెండుసార్లు అలాగే అయింది.

అక్కడ గైడు ఒక మాట అన్నాడు. 2022 దాకా హైదరాబాదులో ఇరానీ టీ పదిహేను రూపాయలు ఉండేదట. పాలు, టీ పొడి, గ్యాసు పెరిగాయని హోటళ్ళవాళ్ళు ఇరవై చేశారట. "జనం తిట్టలేదా?" అని అడిగాను. "రెండ్రోజులు తిట్టిన్రు అంకుల్. మూడో రోజు తాగిన్రు" అన్నాడు.

మిగతావాళ్ళు ముందుకి వెళ్ళిపోయారు. నేను అక్కడే నిలబడిపోయాను. ఇంటర్ అయిపోయిన దగ్గర్నుంచి ముప్పై అయిదేళ్ళు వ్యవసాయం చేశాను. పొటాష్ పెరిగిందనో, కోత మిషను గంటకి ఎక్కువ అడుగుతున్నారనో బస్తా మీద ఒక్క రూపాయి నేను పెంచింది లేదు. సర్కారు చెబుతుంది, వ్యాపారి చెబుతాడు, మిల్లు చెబుతుంది. మావిడికాయలకి తోట కొన్నవాడు చెబుతాడు. నా సరుకు ధర నా నోటితో నేను చెప్పిన రోజు ఒక్కటీ గుర్తు రాలేదు. టీ అమ్మేవాడు చెప్పాడు. చెప్పి కూర్చున్నాడు. మూడో రోజు అందరూ తాగారు.

చార్మినార్ నుంచి ఉత్తరంగా నడిస్తే నాలుగు వైపులా నాలుగు పెద్ద కమానులు, మధ్యలో గుల్జార్ హౌజ్ అని నీళ్ళ తొట్టి. చార్‌కమాన్ అంటారు. ఆ దగ్గర్లో గోవింద్ దోశ అని బండి. అంత పొద్దున్నే బండి చుట్టూ జనం. పెనం మీద నీళ్ళు చిలకరించి చిన్న చీపురుతో ఒక్క ఊడ్పు, పిండి, దాని మీద వెన్న, ఉల్లిపాయ, టమాటా, కారప్పొడి, అన్నీ పెనం మీదే కలిపి నూరేస్తున్నారు. మా ఆవిడకి ఆ చీపురు దగ్గరే అనుమానం. "ఇది పెనానికే కదేటి?" అంది. చిన్నోడు నవ్వి, పెనానికేనమ్మా అన్నాడు. ఆ తరవాత నా వాటా దోశలో సగం ఆవిడే తినేసింది. ఇడ్లీ కూడా అలాగే ముక్కలు చేసి వెన్నలో వేయిస్తారు. ఇడ్లీని వేయించడమేంటని మా అమ్మ అయితే తిట్టేది.

ఇంగ్లండు ఆవిడ ఈ పిండి దేనితో చేస్తారని అడిగింది. గైడు బియ్యం, మినప్పప్పు అని చెప్పి ఊరుకున్నాడు. చిన్నోడు నన్ను చూపించి, మా నాన్న పండిస్తారని చెప్పేశాడు. అందరూ నా వైపు తిరిగారు. వరి కోతకి రెండు మూడు రోజుల ముందు, నిలబడి ఉన్న చేలోనే మినుములు చల్లేస్తామని, దుక్కి లేదు, నీరు కట్టేది లేదు, చేలో మిగిలిన తడికే మొలిచి, మంచు తాగి పండుతాయని చెప్పాను. చిన్నోడు ఇంగ్లీషులో చెప్పాడు. అంటే ఈ దోశలో బియ్యం, మినుములు రెండూ ఒకే చేలోవి కావచ్చునా అని అడిగింది ఆవిడ. కావచ్చు అన్నాను. ముప్పై అయిదేళ్ళలో నాకే ఆ ఆలోచన రాలేదు. గైడు ఫోను తీసి రాసుకున్నాడు. "అంకుల్, రేపటి సంది ఇది కూడ చెప్త" అన్నాడు. చెప్పుకోనీ, పదిహేను వందల్లో నా వాటా ఎంతని అడిగితే పోయేది.

తినేదాని వెనక ఇంత మాట ఉందని నాకు తెలీదు. హైదరాబాదు హలీమ్‌కి 2010లో భౌగోళిక గుర్తింపు వచ్చిందట. 2019లో యునెస్కో వాళ్ళు తిండి విషయంలో ఈ ఊరికి పట్టం కట్టారట. మా వైపు మాడుగుల హల్వా లేదా? గోధుమ పాలు తీసి, నెయ్యి పోసి, గంటలకొద్దీ కలిపి చేస్తారు. దాని కథ చెప్పి నన్ను డబ్బు అడిగినవాడు ఇంతవరకు కనపడలేదు.

పత్తర్‌గట్టీ దాటి పురానీ హవేలీ వైపు వెళ్ళాం. అక్కడ నాన్ బట్టీలు. నాలుగు మూలలుండే నాన్, చార్ కోనీ నాన్ అంటారు. బావి లాంటి బట్టీ గోడకి పిండి అతికించి, కాలేక పొడవాటి ఇనప ఊచలతో పైకి లాగుతారు. ఆ పని చేసేవాడి చేతులు చూశాను. మా వాడి చేతుల్లాంటివే.

మేం తింటూ ఉండగా చిరిగిన శాలువా కప్పుకున్న ముసలాయన ఒకాయన వచ్చి బట్టీ ముందు నిలబడ్డాడు. ఏమీ అడగలేదు. బట్టీ దగ్గరున్న మనిషి అప్పుడే తీసిన రెండు నాన్లు కాగితంలో చుట్టి చేతిలో పెట్టాడు. డబ్బుల మాట లేదు. ముసలాయన వెళ్ళిపోయాడు, ఆ వెనక నిలబడ్డవాడు ఆరు నాన్లకి లెక్కకట్టి డబ్బు ఇచ్చాడు. మా ఆవిడ నా వైపు చూసి "సూసేరా?" అంది. నేను నాన్ నములుతూ కమానులు చూస్తున్నట్టు ఊరుకున్నాను.

అన్నీ బావున్నాయని రాస్తే అబద్ధం. మాంసం హోటల్లో పొద్దున్నే పాయా పెట్టారు, మా ఆవిడ బయటే కూర్చుంది, నాకు ఆ జిగురు పడలేదు. గైడు చెప్పిన కథల్లో సగం నేను నమ్మలేదు. మేకు కొడితే ఒక కథ, రాయి కదిపితే ఒక కథ. ఇంకోటి, ఆ నడకలో అందరూ తిండి ఫొటోలు తీసుకున్నారు గానీ వండేవాళ్ళు ఎన్నింటికి లేచారని ఎవరూ అడగలేదు. నేను అడిగించాను. నాన్ బట్టీ దగ్గర కుర్రాడు రాత్రి రెండింటికట.

తిరుగు ఆటోలో మూడు నెలల తరవాత వాడితో మొదటి మాట నేనే మాట్లాడాను. "బండికి పర్మిషనూ అదీ ఏటుంటాది?" అని. వాడు అన్నీ కనుక్కుని పెట్టుకున్నాడు. చిన్న అమ్మకమైతే ఎఫ్‌ఎస్‌ఎస్‌ఏఐ దగ్గర చిన్న రిజిస్ట్రేషన్ చాలు. ఆన్‌లైన్లోనే. బండి పెట్టే జాగాకి పంచాయతీతో విడిగా మాట్లాడుకోవాలి. మీలో ఎవరికైనా పనికొస్తుందని రాస్తున్నాను.

వాడు మార్చి నెలాఖరుకి పని మానేసి వస్తానన్నాడు. సరేనని నేను అనలేదు. వద్దని కూడా అనలేదు. ఊరు రాగానే మెట్ట చేలో చోళ్ళు అమ్మకుండా అటక మీద పెట్టించాను, మా ఆవిడ ఎందుకని అడగలేదు.

ఒక్క దగ్గర మాత్రం ఆగిపోయాం. మొన్న రాత్రి ఫోనులో, "అంబలి గ్లాసు ఎంతకి ఎడదాం నాన్నా? నువ్వే సెప్పు" అన్నాడు. లెక్క కట్టాను. 2023-24లో చోళ్ళ మద్దతు ధర క్వింటాలు 3,846 ఉండేది. కిలో పిండి ఇరవై గ్లాసులొస్తుంది. గ్లాసుకి రెండు రూపాయల చోళ్ళు. నూకలు, మజ్జిగ, ఉల్లిపాయ, గ్యాసు, గ్లాసు, వాడి కూలి అన్నీ వేసినా పదీ పన్నెండు దాటదు. వాడు ఇరవై అంటున్నాడు. నా నోటికి ఇరవై రావటం లేదు. మా అమ్మ పావలా వద్దన్న అంబలి కదా. పది అందామంటే టీ ఇరవై తాగొచ్చాను.

ఇంకా చెప్పలేదు వాడికి. మీలో అరకు వెళ్ళేవాళ్ళు ఉంటారు. పొద్దున్న ఆరింటికి, మంచులో, శృంగవరపుకోట దాటేక వేడి దిబ్బరొట్టి పక్కన ఒక గ్లాసు చోడంబలి ఉంటే ఎంతిస్తారు? మొహమాటం లేకుండా చెప్పండి.