సెల్ ఫోనులో చెరిగిపోయిన ఆట – ఒక వైద్యుడు నేర్చుకున్న పాఠం



ఇంతవరకు రక్తపోటు, మధుమేహం, మూత్రపిండాల వ్యాధులు వంటి విషయాలను గురించి మీకు వ్రాస్తూ వచ్చాను. ఈసారి సెల్ ఫోనులో ఆడుకునే ఒక ఆటను గురించి వ్రాస్తున్నానంటే మీలో కొందరు ఆశ్చర్యపడవచ్చు. చివరివరకు చదివితే ఇది కూడా ఆరోగ్య విషయమేనని అంగీకరిస్తారని నా నమ్మకం.

రెండేళ్ళ క్రితం ఒక తెల్లవారుజామున నా శ్రీమతి చేతిలోనుంచి కాఫీ గ్లాసు జారిపడింది. వంగి తీయబోతే చేయి లేవలేదు. మాట ముద్దగా వచ్చింది, మూతి ఒక ప్రక్కకు జారింది. అది పక్షవాతమని గ్రహించడానికి నాకు క్షణం పట్టలేదు. మెదడు ఎడమ భాగానికి రక్తాన్ని తీసుకుపోయే ధమనిలో గడ్డ అడ్డుపడితే శరీరపు కుడి భాగం బలహీనపడుతుంది. ఆ గడ్డను కరిగించే మందును లక్షణాలు మొదలైన నాలుగున్నర గంటలలోపు ఇవ్వాలి. ఎంత త్వరగా ఇస్తే అంత మేలు. మేము గంటన్నరలో ఆసుపత్రికి చేరుకోగలిగాము. నెల తిరిగేసరికి ఆమె ఊతకర్ర సాయంతో నడిచింది. మాట తేటపడింది. కాని కుడి చేతి వేళ్ళు మాత్రం మాట వినలేదు.

ఆ చేయి నలభై ఏళ్ళు మా వాకిట్లో చుక్కల ముగ్గులు పెట్టిన చేయి. ఫిజియోథెరపిస్టు రబ్బరు బంతి ఇచ్చి రోజుకు ఇన్నిసార్లు నొక్కమన్నాడు. ఆమె పది రోజులు నొక్కి విసుగెత్తి మానివేసింది. అప్పుడు మా మనవరాలు అమ్మమ్మ ఫోనులో ఒక ఆటను పెట్టి వెళ్ళింది. ఒకే రంగు పూసలను మూడింటిని ఒక వరుసలోకి జరిపితే అవి మాయమవుతాయి. ఒక లెవెలు పూర్తయితే ఇంకొక లెవెలు. ఫిజియోథెరపిస్టు కూడా అడ్డు చెప్పలేదు. "ఏ పనైనా సరే, ఆ చేతితోనే చేయించండి" అన్నాడు.

అందులో శాస్త్రం ఉన్నది. మెదడులో చనిపోయిన నాడీకణాలు తిరిగి బ్రతకవు. కాని ఒక పనిని మళ్ళీ మళ్ళీ చేయిస్తే, మిగిలిన కణాలు క్రొత్త అనుసంధానాలను ఏర్పరచుకొని ఆ పనిని కొంతవరకు అందుకుంటాయి. ఇందుకు విరుద్ధమైనది కూడా నిజమే. బలహీనపడిన చేతిని వాడకుండా అన్ని పనులూ రెండవ చేతితో జరుపుకుంటూ పోతే, చేతనైన కదలికలను కూడా ఆ చేయి మరచిపోతుంది.

ఈ సంగతులన్నీ నాకు తెలుసు. అయినా ఆ ఆటను నేను చిన్నచూపు చూశానని ఒప్పుకోవాలి. "డెబ్బై ఏళ్ళకు రంగు పూసలాటా?" అని వేళాకోళం చేసేవాడిని. ఆమె నవ్వి ఊరుకునేది.

ఒక మంగళవారం ఆమె ఫోనులో స్థలం నిండిపోయిందనే హెచ్చరిక వచ్చింది. సుప్రభాత చిత్రాలు, వీడియోలు వందల కొద్దీ ఉన్నాయి. నేనే కూర్చుని శుభ్రం చేయసాగాను. ఎవరూ వాడని ఒక యాప్‌ను తీసివేయబోయి దాని ప్రక్కనున్న బొమ్మను అదిమాను. తొలగించమంటారా అని ఫోను అడిగింది. ఆ ప్రశ్నను చదవకుండానే సరేనని నొక్కాను. పోయినది ఆమె ఆట అని మరుక్షణమే తెలిసింది. పొరపాటే. కాని తెలిసిన తరువాత కూడా నాకు పెద్దగా బాధ కలగలేదు. పొరపాటు కంటె అదే పెద్ద తప్పు.

సాయంకాలం "ఏమండీ, నా ఆట కనబడటం లేదు" అన్నది. "ఫోను నిండిపోతే ఏదో తీశాను, ఆటే కదా, మళ్ళీ పెట్టిస్తాలే" అన్నాను. "సరేలెండి" అని లోపలికి వెళ్ళిపోయింది. మళ్ళీ ఆ మాట ఎత్తలేదు.

ఎనిమిది రోజుల తరువాత భోజనాల దగ్గర ఒక విషయం గమనించాను. ఆమె ఎడమ చేతితో చెంచా పట్టుకొని తింటున్నది. కుడి చేయి ఒడిలో ఉన్నది. అంతకు రెండు నెలల ముందే ఆమె కుడి చేతితో అన్నం కలుపుకోవడం మొదలుపెట్టింది. అడిగితే "ఏదో ఒకటిలెండి" అన్నది. పక్షవాతం వచ్చినవారిలో సుమారు మూడింట ఒక వంతు మందికి మానసిక కుంగుబాటు కలుగుతుంది. మాట తగ్గడం, ఇష్టమైన పనిమీద ఆసక్తి పోవడం, "ఏదో ఒకటి" అనడం దాని లక్షణాలు. ఇతరుల ఇళ్ళలో వీటిని వెంటనే పసిగట్టే నేను, నా ఇంట్లో ఎనిమిది రోజులు చూడలేదు.

ఆ రాత్రే ఆటను మళ్ళీ ఫోనులోకి దింపాను. తెరవగానే మొదటి లెవెలు వచ్చింది. ఆమె ఒకసారి చూసి ఫోను బల్లమీద పెట్టి "వద్దులెండి" అన్నది.

ఇక్కడ మీకు కొంత వివరించాలి. ఆటను తిరిగి తెచ్చుకోవడం వేరు, ఆటలో సాధించిన ప్రగతిని తిరిగి తెచ్చుకోవడం వేరు. ఆట ప్లే స్టోరులో ఎప్పుడూ ఉంటుంది. ప్రగతి మాత్రం మూడు విధాలుగా భద్రపడుతుంది. కొన్ని ఆటలలో అది ఫోనులోనే ఉంటుంది. అటువంటి ఆటను తీసివేస్తే దానితోపాటే చెరిగిపోతుంది. ఆండ్రాయిడ్ 6.0 నుంచి ఒక్కొక్క యాప్‌కు 25 ఎంబీ వరకు గూగుల్ ఖాతాలో దానంతట అదే నకలు తీసే ఏర్పాటు ఉన్నది. అయితే ఆట తయారుచేసినవారు అందుకు అనుమతించి ఉండాలి, ఫోనులో బ్యాకప్ సౌకర్యం తెరిచి ఉండాలి. రెండవ రకం ఆటలలో ప్రగతి మన ఖాతా పేరుమీద కంపెనీవారి సర్వరులో ఉంటుంది. అదే ఖాతాతో ప్రవేశిస్తే ఉన్నచోటునుంచి మొదలవుతుంది. మూడవది అతిథిగా ఆడటం. అప్పుడు లెక్క సర్వరులో ఉన్నా, అది ఎవరిదో చెప్పే ఆనవాలు మాత్రం ఫోనులో ఉంటుంది.

ప్రభుత్వ ఆసుపత్రిలో పనిచేసినవాడిని కనుక ఈ మూడవది నాకు ఇలా అర్థమైంది. కేస్ షీటు రికార్డు గదిలో భద్రంగా ఉన్నది. పోయినది ఓపీ చీటీ. నంబరు చెప్పగలిగితే కేస్ షీటు దొరుకుతుంది. నంబరు తెలియకపోతే ఎదురుగా ఉన్నా దొరకదు.

నా శ్రీమతి ఆడినది అతిథిగానే.

ఆ సంగతి తెలియక ముందు నేను ఇంకొక తప్పు చేయబోయాను. పోయిన ఆటలను తిరిగి తెప్పిస్తామని చెప్పే ఒక వీడియో చూసి, అందులో చెప్పిన యాప్‌ను ప్లే స్టోరు వెలుపలినుంచి దింపాను. అది సందేశాలు చదవడానికి, పరిచయస్తుల నంబర్లు చూడటానికి అనుమతి అడిగింది. పూసలాటకు నా బ్యాంకు సందేశాలతో పనేమిటని అనుమానం కలిగి ఆపివేశాను. ఆ ఫోనుకే నా పింఛను ఖాతా సందేశాలు కూడా వస్తాయి.

మరునాడు మనవరాలికి ఫోను చేసి జరిగినదంతా దాచకుండా చెప్పాను. "తాతయ్యా, అమ్మమ్మకు సారీ చెప్పారా?" అన్నది మొదట. తరువాత తన ఫోనులో వెతికింది. ఒకప్పుడు ఆట శబ్దం ఎక్కువగా ఉన్నదని, తగ్గించడం ఎలాగని అడుగుతూ అమ్మమ్మ సెట్టింగుల పేజీని ఫొటో తీసి పంపిందట. ఆ ఫొటో అడుగున చిన్న అక్షరాలలో ఆటగాడి నంబరు ఉన్నది. ఓపీ చీటీ దొరికింది.

మనవరాలు ఆట సహాయ విభాగానికి వ్రాసింది. ఆ నంబరు మీదేనని నమ్మడానికి ఆట ఎప్పుడు మొదలుపెట్టారో, చివరగా ఏ లెవెలులో, ఏ తేదీన ఉన్నారో తెలపమని వారు అడిగారు. ఇది నాకేమి తెలుసు? ఆమెనే అడిగాను. ఆమె మాట్లాడకుండా వంటగది గోడమీది క్యాలెండరును చూపించింది.

ఆ క్యాలెండరు గడులలో రోజూ ఏవో అంకెలు ఉండటం నేను చూస్తూనే ఉన్నాను. పాల లెక్క అనుకున్నాను. అవి లెవెళ్ళు. ప్రతి రాత్రి పడుకోబోయే ముందు ఆ రోజు చేరిన లెవెలును తేదీ గడిలో వ్రాసుకున్నది. ఆ మంగళవారానికి ముందు రాత్రి గడిలో 743 అని ఉన్నది. తరువాతి గడులు ఖాళీ. అదే మేకుకు వెనుక వ్రేలాడుతున్న నిరుటి క్యాలెండరును తీశాను. మొదటి అంకెలు గడి దాటి ప్రక్క తేదీలోకి పోయాయి. గీతలు వణికాయి. 8 మూసుకోలేదు. నెలలు గడిచిన కొద్దీ అంకెలు చిన్నవయ్యాయి, గడిలో ఇమిడాయి, నిటారుగా నిలిచాయి. అవన్నీ కుడి చేతితో వ్రాసినవే.

మిత్రులారా, ముప్పై ఐదేళ్ళ ఉద్యోగంలో ఎన్నో కేస్ షీట్లు వ్రాశాను. ఒక చేయి కోలుకున్న తీరును ఇంత స్పష్టంగా చూపిన కేస్ షీటును చూడలేదు. దానిని వ్రాసినది రోగి. ఇరవై నెలలు నా కళ్ళ ఎదుటే ఉన్నా చదవనిది వైద్యుడు.

ఆమెకు క్షమాపణ చెప్పాను. "ఆట పోయినందుకు కాదండీ, అది ఆటే కదా అన్నారు" అన్నది. ఆ మాటకు నా దగ్గర జవాబు లేదు.

తేదీలు, అంకెలు పంపిన నాలుగు రోజులకు ఆట తిరిగి వచ్చింది. 743 కాదు, 731. చివరి పది రోజులు మా ఇంట్లో ఇంటర్నెట్టు చెడిపోయినందున ఆ పన్నెండు లెవెళ్ళు సర్వరుకు చేరలేదు. నేను నొచ్చుకున్నాను గాని ఆమె నొచ్చుకోలేదు. "ఆ పన్నెండూ మళ్ళీ ఆడతాను" అని ఫోను కుడి చేతిలోకి తీసుకున్నది. మొదటి రెండు రోజులు వేలు తడబడింది. ఆ వారాంతానికి కుడిచేతి భోజనం మళ్ళీ మొదలైంది.

ఆట వలన పక్షవాతం నయమవుతుందని నేను చెప్పడం లేదు. మందులు, రక్తపోటు అదుపు, ఫిజియోథెరపీ ముఖ్యం. ఆట వాటికి తోడు మాత్రమే. అలాగే ఆట వ్యసనం కావచ్చునన్నది కూడా నిజం. ప్రపంచ ఆరోగ్య సంస్థ ఆటల వ్యసనాన్ని 2019లో ఆమోదించిన వ్యాధుల వర్గీకరణలో చేర్చింది. ఆటపై అదుపు తప్పడం, ఇతర పనులన్నిటికంటె ఆటకే ప్రాముఖ్యం ఇవ్వడం, హాని కలుగుతున్నా మానలేకపోవడం సాధారణంగా ఏడాదిపాటు కనిపిస్తే వైద్యులను సంప్రదించాలి. రోజూ అరగంట ఆడి, లెక్క వ్రాసుకొని పడుకునే మనిషిని ఆ జాబితాలో చేర్చరాదు.

చివరగా కొన్ని సూచనలు.

1. మీ ఇంట్లో పెద్దవారు ఆడే ఆటను ఈ రోజే వారి ఖాతాతో జతచేయండి. ఆటగాడి నంబరును కాగితం మీద వ్రాసి ఉంచండి.

2. ఫోనులో స్థలం కావాలంటే ముందు చిత్రాలను, వీడియోలను తీయండి. యాప్‌లో క్యాష్‌ను తుడిస్తే ప్రమాదం లేదు. డేటాను తుడిస్తే ప్రగతి పోవచ్చు. ఐఫోనులో ఆఫ్‌లోడ్ చేస్తే సమాచారం మిగులుతుంది, డిలీట్ చేస్తే పోతుంది. ఆండ్రాయిడ్‌లో ఆర్కైవ్ చేసినా సమాచారం మిగులుతుంది.

3. పొరపాటున పోతే కంగారుపడకండి. అంతకుముందు వాడిన ఖాతాతోనే ఆటను దింపండి. ఫోనులో ఉన్నది, సర్వరులో ఉన్నది – ఈ రెండింటిలో ఏది ఉంచమంటారని ఆట అడిగితే, లెవెలు అంకెను చదివిన తరువాతే నొక్కండి. తొందరపడితే పాతది శాశ్వతంగా పోవచ్చు.

4. తిరిగి తెప్పిస్తామని చెప్పే బయటి యాప్‌లను దింపకండి. ఓటీపీ ఎవరికీ చెప్పకండి. డబ్బు పోతే వెంటనే 1930కి ఫోను చేయండి.

5. ఇతరుల ఫోనులో దేనినైనా తీసివేసే ముందు వారిని అడగండి. మనకు చిన్నదిగా కనిపించేది వారికి ఏమిటో మనకు తెలియదు.

ఈ సంవత్సరపు క్యాలెండరును డిసెంబరు తరువాత కూడా పారవేయవద్దని ఇంట్లో చెప్పి ఉంచాను. నిన్న రాత్రి గడిలో 768 అని ఉన్నది.