రెండో ఆమె ఎప్పుడొచ్చింది?

అమెరికా క్రీడా విలేకరి లెస్లీ విస్సర్ తన గురించి చెప్పుకునే కథల్లో ఒకటి కార్ల పార్కింగులో జరిగింది. 1976లో బోస్టన్ గ్లోబ్ పత్రిక ఆమెకు న్యూ ఇంగ్లండ్ పేట్రియట్స్ జట్టు వార్తలు అప్పజెప్పింది. అమెరికా ఫుట్‌బాల్ లీగ్ ఎన్‌ఎఫ్‌ఎల్‌లో ఒక జట్టును వెన్నంటి రాసిన తొలి మహిళ ఆమె. ఆడవాళ్ళకూ పిల్లలకూ ప్రెస్ బాక్సులోకి ప్రవేశం లేదని అప్పటి పాసుల మీదే అచ్చువేసి ఉండేదట. ఆట అయ్యాక మగ విలేకరులు లాకర్ రూములోకి వెళ్ళేవారు, ఆమె బయట పార్కింగులో నిలబడేవారు. ఒకసారి పిట్స్‌బర్గ్ ఆటగాడు టెర్రీ బ్రాడ్‌షా కోసం నోటుపుస్తకంతో ఎదురుచూస్తుంటే, ఆయన దాన్ని అందుకుని సంతకం చేసి, ఆమె చేతిలో పెట్టి చక్కా పోయాడు. ఎవరో అభిమాని అనుకున్నాడు.

ఈ కథను విస్సర్ నవ్వుతూ చెబుతారు. అది చదివిన రోజు నాకు పతకాల పళ్ళెం గుర్తొచ్చింది.

జిల్లా విలేకరిగా ఉన్న రోజుల్లో ఒక కబడ్డీ పోటీల ముగింపు సభకు వెళ్ళాను. నిర్వాహకుల్లో ఒకాయన నన్ను చూడగానే, "అమ్మా, మీరిలా రండి" అంటూ పళ్ళెం చేతికిచ్చి వేదిక ఎక్కించాడు. నేనెవరో చెప్పేలోపే ముఖ్య అతిథి లేచి నిలబడ్డారు. సరే, పట్టుకున్నాను. గెలిచిన జట్టు కెప్టెన్ పతకం కోసం నా పక్కకే వచ్చాడు. ఆఖరి కూతలో బోనస్ గీత దాకా వెళ్ళాలని ఎప్పుడు అనుకున్నారని మెల్లగా అడిగాను. చెప్పాడు. ఆ మాట మర్నాడు మా పేపర్లో తప్ప ఇంకెక్కడా రాలేదు. గ్యాలరీలో కూర్చున్న తోటి విలేకరులకు అది దొరికే దారే లేదు. ఏళ్ళ తరబడి ఈ ముచ్చట మురిపెంగా చెప్పుకున్నాను.

మరుసటేడు అదే పోటీలకు మా ఆఫీసు నుంచి ఇంకో అమ్మాయి వెళ్ళింది. ఆమె చేతికీ పళ్ళెమే వచ్చింది. విలేకరినండీ అని చెబితే, "పోయినేడు మేడంగారు పట్టుకున్నారు కదమ్మా" అన్నారట.

ఆ మాటకు నా దగ్గర ఇప్పటికీ సరైన జవాబు లేదు. నా వార్త నాకు దొరికింది, ఆ ఊరికి ఒక ఆనవాయితీ దొరికింది. ఓర్చుకుని పని చక్కబెట్టుకోవడం తెలివా, లొంగుబాటా? మనలో చాలామందిమి ఏదో ఒక వయసులో ఈ ప్రశ్న ముందు నిలబడే ఉంటాం.

అమెరికాలో ఇంకో దారి పట్టిన ఆవిడ ఉన్నారు. స్పోర్ట్స్ ఇలస్ట్రేటెడ్ విలేకరి మెలిస్సా లుడ్కేను 1977 వరల్డ్ సిరీస్ బేస్‌బాల్ పోటీల్లో లాకర్ రూముల్లోకి రానివ్వలేదు. కోర్టుకెక్కారు. 1978లో న్యాయమూర్తి కాన్‌స్టన్స్ బేకర్ మోట్లీ ఆమె పక్షాన తీర్పిచ్చారు. లుడ్కే పోట్లాట ముందు నా పళ్ళెం చాతుర్యం చిన్నదిగా కనిపించింది. కానీ తీర్పుతోనే అన్నీ సర్దుకోలేదు. 1980లో కాలేజీ ఫుట్‌బాల్ జట్ల కాటన్ బౌల్ ఆట తర్వాత హ్యూస్టన్ కోచ్ అందరూ చూస్తుండగా విస్సర్‌ను లాకర్ రూములోంచి గెంటేశాడు. తీర్పులు వచ్చాక కూడా ఎవరో ఒకరు ఆ గదిలోకి అడుగుపెడుతూనే ఉండాలి. ఆ పని ఆమె చేశారు. పార్కింగు కథ చెబుతూ ఆమె నవ్వే నవ్వును లొంగుబాటు అనడానికి నాకు నోరు రావడం లేదు.

1984లో ఆమె సీబీఎస్ టీవీకి వచ్చారు. 1992లో ఎన్‌ఎఫ్‌ఎల్ ఫైనల్ అయిన సూపర్ బౌల్ ముగిశాక ట్రోఫీ బహూకరణ కార్యక్రమాన్ని నడిపారు. అంతకుముందు ఏ మహిళా ఆ పని చేయలేదు. ఆమె చేతిలో మైకు ఉంది, పళ్ళెం కాదు. 2006లో ప్రో ఫుట్‌బాల్ హాల్ ఆఫ్ ఫేమ్ తన ప్రసార పురస్కారాన్ని తొలిసారి ఒక మహిళకు, ఆమెకే ఇచ్చింది. అయినా టీవీ ఆమెకూ, ఆమె వెనక వచ్చినవాళ్ళకూ ఎక్కువగా చూపిన చోటు మైదానం అంచు. గాయాల కబురు, కోచ్‌తో రెండు ముక్కలు. ఆటను బంతి బంతికీ చెప్పే కుర్చీ దాదాపుగా మగవాళ్ళదే. గుమ్మం దాటనిచ్చి వసారాలో కూర్చోబెట్టినట్టు.

మన దగ్గరా అంతేనేమో. 1977లోనే ఇందోర్‌లో క్రికెటర్ సి.కె. నాయుడు కుమార్తె చంద్రా నాయుడు క్రికెట్ వ్యాఖ్యానం చేశారు. దేశంలో తొలి మహిళా వ్యాఖ్యాత అని రాసుకుని ఊరుకున్నాం. తెలుగు మూలాలున్న ఇంటి ఆడపడుచని తెలిసినవాళ్ళం ఎందరం?

ఇప్పుడు ఎక్కడ "తొలి మహిళ" అని చదివినా, రెండో ఆమె ఎప్పుడొచ్చిందని వెతుకుతాను. నా పళ్ళెం నేర్పిన అలవాటు. ఎన్‌ఎఫ్‌ఎల్ రెగ్యులర్ సీజన్ ఆటకు టీవీలో బంతి బంతికీ వ్యాఖ్యానం చెప్పిన తొలి మహిళ గేల్ సీరెన్స్. అది 1987 డిసెంబరులో, ఒకే ఒక్క ఆట. రెండో ఆమె బెత్ మోవిన్స్. ఆమె 2017 సెప్టెంబరులో వచ్చారు.