చెప్పింది రెండు రోజులు, పట్టింది తొమ్మిది

సాఫ్ట్‌వేర్ మనిషితో కాపురం చేసేవాళ్ళకి "అయిపోవచ్చింది" అన్న మాటకి అర్థం విడమరిచి చెప్పక్కర్లేదు. "ఇంకో అరగంట, నువ్వు తినేసెయ్" అన్నారంటే కూరలన్నీ ఫ్రిజ్‌లో సర్దేసుకోవచ్చని అర్థం. మా వారిది ఇరవై రెండేళ్ళ సర్వీసు. ఆ అరగంటల మీద అలగడం నేనెప్పుడో మానేశాను. కానీ పోయినేడు మా అమ్మాయి కూడా అదే ఉద్యోగంలో చేరింది. ఏడాది తిరక్కుండానే "అమ్మా, నాకీ పని చేతకాదేమో, మానేస్తాను" అంది. అప్పుడు మాత్రం ఈ రోజుల లెక్క ఎందుకు తప్పుతుందో పూర్తిగా తెలుసుకోవాలనిపించింది.

జరిగింది ఇదీ. టికెట్లు బుక్ చేసుకునే యాప్‌లో 'రద్దు' బటన్ పెట్టాలి. ఎన్ని రోజులు పడుతుందని మీటింగ్‌లో అడిగితే మా పిల్ల "రెండు రోజులు" అంది. బటన్ నిజంగానే ఒక పూటలో వచ్చేసింది. అసలు పని ఆ తర్వాత మొదలైంది. డబ్బు కట్టాక రద్దు చేస్తే ఎంత వెనక్కివ్వాలి? నలుగురి టికెట్లలో ఒక్కరిదే రద్దు చేస్తే? సిగ్నల్ సరిగ్గా లేక రెండుసార్లు నొక్కితే డబ్బు రెండుసార్లు వెళ్ళిపోదూ? బ్యాంకు నుంచి జవాబు రాకపోతే తెర మీద ఏం చూపించాలి? పరీక్షించి చూసుకోవడానికి కావాల్సిన అనుమతి రావడానికే రోజున్నర పట్టింది. సీనియర్ చూసి మార్పులు చెప్పాడు. పాత ఫోన్లలో పని చెయ్యట్లేదని టెస్టింగ్ వాళ్ళు వెనక్కి పంపారు. మొత్తం తొమ్మిది పనిదినాలు. అన్ని రోజులూ పిల్ల రాత్రి రెండింటికి ముందు పడుకున్నది లేదు. రోజూ పొద్దున్న "ఇంకా రెండు రోజులు" అని చెప్పడం, సాయంత్రానికి మొహం చిన్నబుచ్చుకోవడం.

వాళ్ళ నాన్న ఓదార్పు మాటలేం చెప్పలేదు. బీరువాలోంచి ఒక పాత నోటుబుక్కు తెచ్చి దాని ఒళ్ళో పెట్టారు. పేజీ మధ్యలో నిలువు గీత. ఒక పక్క 'చెప్పింది', ఇంకో పక్క 'పట్టింది'. మూడు రోజులన్నది ఏడు పట్టింది. వారమన్నది పద్దెనిమిది రోజులు. అనుకున్నదానికంటే ముందే అయినవి పేజీకి ఒకటో రెండో. "నీకు పని చేతకాక కాదు తల్లీ. ఎప్పుడూ చెయ్యని పనికి కొలత చెప్పావు, అంతే" అన్నారు.

నాకు అరిసెలు గుర్తొచ్చాయి. అరిసెలకి ఎంతసేపు పడుతుందని అడిగితే ఎవరికైనా మూకుడు దగ్గర నిలబడే గంటే ముందు మనసులో మెదులుతుంది. బియ్యం నానాలి, నీళ్ళు ఓడ్చాలి, తడి ఆరకముందే మర పట్టించాలి, జల్లించాలి, ఆపైన పాకం. అయినా మన లెక్క పెద్దగా తప్పదు, ఎందుకంటే ఏటా చేస్తాం. సాఫ్ట్‌వేర్‌లో ఒకసారి తయారైనదాన్ని మళ్ళీ వండక్కర్లేదట, నకలు తీసుకుంటే చాలట. అంటే చేతికొచ్చే ప్రతి పనిలోనూ ఎంతో కొంత కొత్తదే ఉంటుంది. ప్రతిసారీ తెలియని బెల్లంతో పాకం పట్టడమే!

ఇది మనుషులందరికీ ఉన్న గుణమే. 1994లో అచ్చైన ఒక అధ్యయనంలో, కెనడాలో కొందరు విద్యార్థుల్ని, మీ పరిశోధన వ్యాసం ఎప్పటికి పూర్తవుతుందని అడిగారు. సగటున 34 రోజులన్నారు. అన్నీ ఎదురు తిరిగితే ఎన్నాళ్ళని అడిగితే 49 అన్నారు. నిజంగా పట్టింది 55 రోజుల పైనే. కీడెంచి చెప్పిన లెక్కని కూడా నిజం దాటేసింది. మన పెద్దవాళ్ళు ఇల్లు కట్టి చూడు, పెళ్ళి చేసి చూడు అని ఊరికే అనలేదు.

మరి ఆలస్యమవుతుంటే ఇంకో నలుగుర్ని పెట్టొచ్చు కదా అని అడిగాను. మా వారు నవ్వి, ఐబీఎంలో పెద్ద ప్రాజెక్టు నడిపిన ఫ్రెడ్ బ్రూక్స్ 1975లోనే దీని మీద ఒక పుస్తకం రాశాడని చెప్పారు. ఆలస్యమైన పనిలోకి కొత్తవాళ్ళని దింపితే ఇంకా ఆలస్యమవుతుందంటాడట. వచ్చినవాళ్ళకి నేర్పాలి, ఒకరితో ఒకరు మాట్లాడుకోవాలి. ముగ్గురుంటే మాట్లాడుకునే జంటలు మూడే. పదిమందైతే 45. ఎంతమందిని పెట్టినా బిడ్డ పుట్టడానికి తొమ్మిది నెలలూ పట్టాల్సిందేనని కూడా రాశాడట. ఆ ముక్క మనకి ఒకరు చెప్పాలా!

ఇంకో సంగతి నాకు గట్టిగా తగిలింది. మా పిల్ల ముందు నాలుగు రోజులనే అనుకుందట. నలుగురూ తన వైపు చూసేసరికి నోట్లోంచి రెండు అని వచ్చేసింది. "ఇట్టే చేసేస్తానండీ" అనే ఆడపిల్లని లోకం మెచ్చుకుంటుంది. "పది రోజులు కావాలి" అంటే బద్ధకమనుకుంటుంది. అంచనాగా అన్న మాటని అవతలివాళ్ళు మాటివ్వడం కింద రాసుకుంటారు. ఆ తేడాని పిల్ల తన నిద్రతో పూడ్చుకుంటుంది.

అలాగని ఊరికే రెట్టింపు చెప్పమనలేదు వాళ్ళ నాన్న. అది తెలిస్తే అవతలివాళ్ళు సగం కొట్టేసి అడుగుతారట. పనిని ఒక్కోటి ఒక రోజుకి మించని ముక్కలు చెయ్యమన్నారు. ఎవరి జవాబు కోసం ఆగాలో, ఏది ఇంకా తెలియదో విడిగా రాసుకోమన్నారు. ఇలాంటి పని పోయినసారి ఎన్నాళ్ళు పట్టిందో చూసుకోమన్నారు. అప్పుడు ఒక్క అంకె కాకుండా "ఇంతనుంచి ఇంత" అని చెప్పమన్నారు.

పోయిన నెల ఇంకో పని వస్తే మా అమ్మాయి "ఆరు నుంచి పది రోజులు, బ్యాంకు వాళ్ళతో మాట్లాడాక బుధవారం ఖాయంగా చెప్తాను" అందట. మేనేజర్ మొహం కొంచెం ముడుచుకున్నా సరేనన్నాడట. తొమ్మిది రోజులు పట్టింది. ఆ తొమ్మిది రాత్రులూ పదకొండింటికల్లా గదిలో లైటు ఆరింది.

మీ ఇళ్ళల్లోనూ ఇలాంటి పిల్లలుంటారు. "ఎప్పటికవుతుంది?" అని ఆఫీసులో ఎలాగూ అడుగుతారు. మనం "ఇంకా తేలనిదేముంది?" అని అడుగుదాం. దానికి జవాబు చెబుతూనే వాళ్ళు సగం తేలికపడతారు.