ఇరవై అయిదేళ్ళకే రిటైర్‌మెంట్

కుస్తీల గురించి పోస్టు రాస్తానని మీరే కాదు, నేనూ అనుకోలేదు. చిన్నప్పుడు మా తమ్ముడు డబ్ల్యూడబ్ల్యూఎఫ్ కార్డులు పోగేసుకుని, మంచం మీద దిండుని ఎత్తి ఎత్తి కుదేస్తుంటే "ఇదేం పిచ్చిరా నీకు" అని తిట్టేదాన్ని. అలాంటిది ఈ నెలంతా నా బుర్రలో ఒక జపాన్ మల్లయోధురాలే తిరుగుతోంది. పేరు చిగుసా నగాయో.

మా అమ్మాయి నెట్‌ఫ్లిక్స్‌లో 'ది క్వీన్ ఆఫ్ విలన్స్' అనే సిరీస్ పెట్టింది. 2024లో వచ్చింది, అయిదే భాగాలు. నిజంగా ఉన్న మనుషుల కథ. అసలు కథ డంప్ మాట్సుమోటో అనే ఆవిడది. మొహానికి భయంకరమైన రంగులు పూసుకుని, చేతిలో గొలుసు పట్టుకుని జపాన్ అంతటా తిట్లు తిన్న విలన్ ఆవిడ. కానీ నా కళ్ళు మాత్రం ఆవిడ చేతిలో దెబ్బలు తినే పిల్ల మీదే ఉన్నాయి. సిరీస్ అయిపోయాక ఆ పిల్ల గురించి దొరికినవన్నీ చదివాను. మధ్యాహ్నం వంటిల్లు సర్దుకున్నాక నాకు దొరికే గంటన్నర వారం రోజులు దీనికే పోయింది.

నగాయో 1964 డిసెంబరులో నాగసాకి దగ్గర ఒమురా అనే ఊళ్ళో పుట్టింది. తండ్రి అప్పులపాలయ్యాడు. పిల్ల కొన్నాళ్ళు బంధువుల ఇళ్ళలో పెరిగింది. పరాయి పంచన పెరిగిన పిల్లలకి ఎక్కడ ఎంత ఒదిగి ఉండాలో తొందరగా తెలిసిపోతుంది కదా. కరాటే కూడా నేర్చుకుంది. 1980లో, పదిహేనేళ్ళ వయసులో, టోక్యో వచ్చి ఆల్ జపాన్ విమెన్స్ ప్రో రెజ్లింగ్ అనే కంపెనీలో చేరింది. 1968లో మాట్సునాగా అన్నదమ్ములు పెట్టిన కంపెనీ అది. రింగులో అమ్మాయిలు, లెక్కలు చూసుకునేది అన్నదమ్ములు. డంప్ కూడా అదే ఏడాది చేరిన పిల్లే.

అక్కడ అమ్మాయిలకి మూడు నిషేధాలు: మందు వద్దు, సిగరెట్ వద్దు, మగవాళ్ళు వద్దు. మూడోది చదివి నవ్వొచ్చింది, నన్ను డిగ్రీలో చేర్పించేటప్పుడు మా నాన్న చెప్పింది కూడా ఆ ఒక్కటే. వీటికి తోడు ఇంకో ఆనవాయితీ ఉండేది. ఇరవై అయిదేళ్ళు వచ్చేసరికి రింగు దిగిపోవాలి. ఒకటి రెండేళ్ళు అటూ ఇటూ కావచ్చు గానీ దిగడం మాత్రం ఖాయం. తర్వాత ఏముంది, పెళ్ళి చేసుకోవడమే. కింద పదిహేనేళ్ళ కొత్త పిల్లలు ఎలాగూ సిద్ధంగా ఉంటారు.

మొదట్లో నగాయోని ఎవరూ పెద్దగా పట్టించుకోలేదు. 1983లో లయనెస్ ఆసుకా అనే ఇంకో అమ్మాయితో జంట కట్టాక ఆమె దశ తిరిగింది. ఆ జంట పేరు క్రష్ గాల్స్. పొట్టి క్రాపులు, కరాటే తన్నులు. ఆట ఆడేవాళ్ళు, రింగులోనే మైకు పట్టుకుని పాటలూ పాడేవాళ్ళు. ఆ పాటలు రికార్డులుగా కూడా వచ్చాయి. ఫుజీ టీవీలో ఆటలు వచ్చేవి. హాళ్ళన్నీ స్కూలు పిల్లలతో, అదీ ఆడపిల్లలతో, కిక్కిరిసిపోయేవి. రంగు కాగితం రిబ్బన్లు రింగులోకి విసిరేవాళ్ళు. ఆడవాళ్ళ కుస్తీ అంటే మగవాళ్ళు చొంగ కార్చుకుంటూ చూసే తమాషా అని ఇన్నాళ్ళూ నా మనసులో ఉండేది. అక్కడ గొంతు పోయేలా అరిచింది పద్నాలుగేళ్ళ ఆడపిల్లలు.

1985 ఆగస్టు 28. ఒసాకా కోట పక్కనున్న పెద్ద హాలు. నగాయో, డంప్‌ల మధ్య పోటీ. ఓడినవాళ్ళకి అక్కడే, అందరి ముందే గుండు. నగాయో ఓడిపోయింది. అప్పటికి ఆమెకి ఇరవయ్యేళ్ళు. మొహమంతా రక్తం. రింగు మధ్యలో కూర్చోబెట్టి డంప్, ఆవిడ ముఠా జుట్టు తీసేస్తుంటే హాలు హాలంతా ఏడ్చింది. ఆ పాత వీడియో చూశాను. దాన్లో నగాయో మొహం కన్నా వెనక వరసల్లో పిల్లల మొహాలే నాకు గుర్తుండిపోయాయి. నోటికి రెండు చేతులూ అడ్డం పెట్టుకుని, తమ ఇంట్లో మనిషికే జరుగుతున్నట్టు ఏడుస్తున్నారు.

మీలో కొందరు అంటారు, ఇవన్నీ ముందే అనుకుని ఆడేవి కదా అని. నిజమే, ప్రో రెజ్లింగులో ఎవరు గెలవాలో ముందే తేలుతుంది. కానీ పడే దెబ్బ ఒంటికే తగులుతుంది, పోయిన జుట్టు మర్నాటికి మొలవదు. పైగా, నాకు అర్థమైనంత వరకూ నగాయో గొప్పతనం గెలవడంలో లేదు. ఓడిపోతున్నప్పుడు నొప్పిని చివరి వరసలో కూర్చున్న పిల్లకి కూడా అందేలా చూపించడంలో ఉంది. ఆ పిల్లలు ఏ ఇళ్ళ నుంచి వచ్చారో, ఎవరి మాటలు పడి వచ్చారో. తమకి జరిగేదాన్ని ఒక మనిషి నలుగురిలో పడి, మళ్ళీ లేచి నిలబడుతుంటే చూడటానికి టికెట్ కొనుక్కుని వచ్చారనిపించింది.

సిరీస్‌లో నగాయోగా వేసిన ఎరికా కరాటా నిజంగానే గుండు చేయించుకుంది. ఆ నటీమణులందరికీ కుస్తీ నేర్పించిన గురువు నగాయోనే. తన ఓటమిని దాదాపు నలభై ఏళ్ళ తర్వాత ఇంకో అమ్మాయికి దగ్గరుండి నేర్పించడం ఎలా ఉండి ఉంటుందో నా ఊహకి అందలేదు. ఆ సీను వస్తుంటే మా అత్తయ్యగారు పూజగది ముందు వత్తులు చేసుకుంటూనే తలెత్తి చూసి "గుండంటే తప్పేముందే, మనం తిరపతిలో ఇవ్వట్లా" అన్నారు. కాసేపటికి ఆవిడే "మనం ఇస్తాం, వీళ్ళు లాక్కుంటున్నారు" అన్నారు. అంతకన్నా బాగా నేను చెప్పలేను.

1986 నవంబరులో మళ్ళీ అలాంటి పోటీయే పెట్టారు. ఈసారి నగాయో గెలిచింది, డంప్‌కి గుండు అయింది. డంప్ 1988లో రింగు దిగింది. 1989 మే 6న యొకొహామా అరీనాలో నగాయో వంతు వచ్చింది. ఇంకా ఇరవై అయిదు కూడా నిండలేదు, ఇరవై నాలుగే. ఆసుకా కూడా ఆ ఏడాదే దిగిపోయింది.

ఇక్కడికి వచ్చేసరికి నాకు మా పిన్ని కూతురు గుర్తొచ్చింది. ఖోఖోలో యూనివర్సిటీ జట్టుకి ఆడింది. స్తంభం దగ్గర ఎటు తిరుగుతుందో కనిపెట్టడం ఎవరివల్లా అయ్యేది కాదు. ఇరవై రెండేళ్ళకి సంబంధం కుదిరింది. ఆట మానెయ్యమని ఎవరూ అనలేదు, నిజంగా ఎవరూ అనలేదు. సర్టిఫికెట్లు ఫైల్లో పెట్టి, ఫైలు అటక మీద పెట్టారు, అంతే. జపాన్‌లో కనీసం ఒక రోజు ఉంటుంది. హాలు నిండా జనం ఉంటారు, పదిసార్లు గంట కొడతారు, అందరూ ఏడుస్తారు. మనకి ఆ వీడ్కోలు కూడా ఉండదు. ఎప్పుడు మానేశామో మనకే తెలీదు.

ఇప్పుడు దానికి నలభై ఒకటి. వాళ్ళ వీధి చివర స్కూలు వాళ్ళు సాయంత్రాలు పిల్లలకి ఖోఖో నేర్పమని అడిగారు. ఇంట్లో "ఈ వయసులో ఎగురుళ్ళేంటి" అన్నారట. అది ఆ మాట నాకు నవ్వుతూనే చెప్పింది. ఆ నవ్వు నాకు నచ్చలేదు. ఏమీ అనకుండా సిరీస్ పేరు పంపించి చూడమన్నాను.

అయితే చిక్కేమిటంటే, సిరీస్ ఎనభైల్లోనే ఆగిపోతుంది. నాకు అసలు నచ్చిన కథ ఆ తర్వాతది.

నగాయో 1993లో మళ్ళీ రింగులోకి వచ్చింది. అంతటితో ఆగకుండా గాయా జపాన్ అని సొంత కంపెనీ పెట్టింది. గాయా అంటే గ్రీకుల భూదేవి. ఆడపిల్లల్ని చేర్చుకుని తనే తర్ఫీదు ఇచ్చింది. 1995 ఏప్రిల్ 15న జరిగిన మొదటి ప్రదర్శనలోనే పదిహేనేళ్ళ మెయికో సాటోమురా అనే పిల్లని రింగులో దింపింది. తనూ ఇల్లు వదిలి వచ్చింది ఆ వయసులోనే మరి. ఆ సాటోమురా ముప్ఫై ఏళ్ళు ఆడింది! 2025 ఏప్రిల్లో తనంతట తను దిగింది, నలభై అయిదేళ్ళకి. ఇరవై అయిదు అనే గీత ఎవరూ కోర్టుకెళ్ళి చెరపలేదు, నినాదాలూ చెయ్యలేదు. దాన్ని దాటి ఆడుతూ ఉండేసరికి అదే చెరిగిపోయింది. ఆసుకా కూడా తిరిగొచ్చి గాయాలో నగాయోతో మళ్ళీ జంట కట్టింది. 2005లో గాయా మూతపడింది. మాట్సునాగా వాళ్ళ కంపెనీ కూడా ఆ ఏడాదే మూతపడింది. నగాయో ఊరుకుందా, మార్వెలస్ అని ఇంకోటి పెట్టింది.

ఇంకొక్కటి చెప్పాలి. 2018 నవంబరులో, సప్పోరోలో, ఒకడు భార్యని కొడుతుంటే నగాయో చూసింది. అప్పటికి ఆమెకి యాభై మూడేళ్ళు. వెళ్ళి అడ్డుపడింది. వాడు ఈమె జుట్టు పట్టుకుని లాగాడు, వేలికి దెబ్బ తగిలింది. ఈమె తల్చుకుంటే వాడు లేచేవాడు కాదు. అయినా తిరిగి కొట్టలేదు. కుస్తీ నేర్చినవాళ్ళు మామూలు మనుషుల మీద చెయ్యి చేసుకోకూడదన్నది ఆమె నియమం. పోలీసులు వచ్చి వాణ్ణి పట్టుకున్నారు. ఆ చెయ్యి ఎత్తకుండా ఆపుకోవడానికి ఎంత బలం కావాలో అని నేను ఆ వార్త రెండుసార్లు చదివాను.

మొన్న ఆదివారం మా చెల్లి ఫోన్ చేసింది. అయిదు భాగాలూ చూసేసిందట. డంప్ గురించి, ఆ గుండు గురించి మాట్లాడుతుందేమో అనుకున్నాను. అది అడిగింది ఒకటే.

"అక్కా, దిగిపోయాక మళ్ళీ ఎక్కేదాకా ఆ మధ్యలో ఆవిడేం చేసిందే?"

"నాటకాల్లో వేసింది" అన్నాను. "అందులో ఒకటి కుస్తీ పట్టే ఆడవాళ్ళ కథేనట."

"అంటే మర్చిపోలేదన్నమాట."

కాసేపు ఇద్దరం ఏమీ మాట్లాడలేదు. వాళ్ళింట్లో కుక్కర్ కూత వినిపించింది.

"సాయంత్రం ఎన్నింటికే ఆ పిల్లలొచ్చేది?" అని అడిగాను.

"అయిదింటికి. మట్టి కోర్టేనక్కా, ఉత్త కాళ్ళతో ఆడొచ్చు. రేపు వెళ్ళి స్తంభాలు గట్టిగా పాతారో లేదో చూసొస్తా" అంది.