పేజీకి ఎంత కాగితం?

మీ చేతిలో ఉన్న ఈ సంచిక వెడల్పు 5.5 అంగుళాలు, ఎత్తు 8.5 అంగుళాలు. లోపల అక్షరాలు ఉన్న భాగం వెడల్పు 4, ఎత్తు 6. ఈ నాలుగు అంకెల కోసం పీజీ చదువుతున్న మేము ముగ్గురం, సంచిక పని చూస్తున్న ఇంటర్, డిగ్రీ తమ్ముళ్లు కలిసి రెండు వారాలు వాదించుకున్నాం. ఆ వాదన అంతా ఇంటర్ గణితంలో వచ్చే ఒక లెక్క చుట్టూ తిరిగింది. గరిష్ఠ, కనిష్ఠ విలువలు అనగానే ఛాయిస్‌లో వదిలేసే మిత్రులు ఈ ఒక్కసారికి ఓపికగా చదవాలని మనవి.

లెక్క ఇది. ఒక పేజీలో 24 చదరపు అంగుళాల అచ్చు పట్టాలి. ఎడమ, కుడి పక్కల ఒక్కో అంగుళం, పైన, కింద ఒకటిన్నర అంగుళం చొప్పున ఖాళీ వదలాలి. పేజీ మొత్తం వైశాల్యం అన్నిటికంటే తక్కువ కావాలంటే కొలతలు ఎంత ఉండాలి?

24 ఎందుకంటే, వచ్చిన రచనలన్నీ డీటీపీ చేయించి చూస్తే పేజీకి అంత అచ్చు పడితేనే 64 పేజీల్లో సర్దుకుంటున్నాయి. తెలుగు అక్షరాలకు పైన గుడులు, కింద ఒత్తులు ఉంటాయి కనుక వరుసలను మరీ దగ్గరికి నొక్కలేం.

ముందు సూత్రం జోలికి పోకుండా ఊరికే వేసి చూశాం. అచ్చు వెడల్పు 12, ఎత్తు 2 అనుకుంటే పేజీ 14 × 5, అంటే 70 చదరపు అంగుళాలు. వెడల్పు 2, ఎత్తు 12 అయితే 4 × 15, అంటే 60. వెడల్పు 6, ఎత్తు 4 అయితే 56. వెడల్పు 3, ఎత్తు 8 అయితే 55. వెడల్పు 4, ఎత్తు 6 అయితే పేజీ 6 × 9, అంటే 54. అన్నిట్లోనూ పట్టేది అదే 24 అంగుళాల అచ్చు. కాగితం మాత్రం 70 నుంచి 54 దాకా మారుతోంది! అంచులే వదలకపోతే ఈ తేడా ఉండదు. ఏ ఆకారం తీసుకున్నా వైశాల్యం 24 దగ్గరే నిలబడుతుంది. ఆకారం గురించి ఆలోచించాల్సి వచ్చిందంటే అది అంచుల వల్లే.

ఇక పద్ధతి ప్రకారం చేద్దాం. అచ్చు వెడల్పు ఎక్స్ అనుకుంటే ఎత్తు 24/ఎక్స్. పేజీ వెడల్పు ఎక్స్ + 2, ఎత్తు 24/ఎక్స్ + 3. గుణిస్తే వైశాల్యం 30 + 3ఎక్స్ + 48/ఎక్స్. దీని అవకలజం 3 − 48/ఎక్స్². అది సున్నా అయ్యేది ఎక్స్ 4 అయినప్పుడు. రెండో అవకలజం ధనాత్మకం కాబట్టి అది కనిష్ఠమే. (ఈ చివరి వాక్యం రాయక మార్కులు పోగొట్టుకున్నవాళ్లు మన హాస్టల్లో చాలామందే ఉన్నారు.)

అవకలజం తెలియని ఆర్ట్స్ మిత్రులకు ఇంకో దారి ఉంది. 3ఎక్స్, 48/ఎక్స్ అనే రెండింటినీ గుణిస్తే ఎప్పుడూ 144 వస్తుంది. లబ్ధం మారని రెండు ధన సంఖ్యల మొత్తం, అవి రెండూ సమానమైనప్పుడే అతి తక్కువ. 12, 12. మొత్తం 24. దానికి 30 కలిపితే 54. మాకు ఈ దారే ఎక్కువ ఇష్టం.

ఇంకో అందం చూడండి. పక్క అంచులు కలిపి 2, పైన కింద అంచులు కలిపి 3. అచ్చు 4, 6. పేజీ 6, 9. మూడూ ఒకటే నిష్పత్తి. అంచులు ఎంత పెట్టుకున్నా, కనిష్ఠం దగ్గర అచ్చు భాగం అంచుల నిష్పత్తిలోనే ఉంటుంది.

ఈ 6 × 9 పట్టుకుని ప్రెస్సుకు వెళ్లాం. ప్రెస్సు అన్న కాగితం చూసి నవ్వాడు. "మీ లెక్క కరెక్టే తమ్ముడూ. కానీ కాగితం మీ లెక్క ప్రకారం రాదు కదా" అన్నాడు. ఆయన మిషను డెమ్మీ సైజుకు మించి పట్టదు. డెమ్మీ షీటు 17.5 × 22.5 అంగుళాలు. దాన్ని మూడుసార్లు మడిస్తే 8 ఆకులు, అంటే 16 పేజీలు. అంచులు ట్రిమ్మింగు చేశాక 5.5 × 8.5 మిగులుతుంది. అదే షీటును 6 × 9 ముక్కలుగా తిన్నగా కోస్తే నాలుగే ఆకులు. మిగతాది తుక్కు.

300 కాపీలు, 64 పేజీలు. డెమ్మీ 1/8లో అయితే కాపీకి 4 షీట్లు, మొత్తం 1,200. వేస్టేజీ కలుపుకున్నా 3 రీములలో అయిపోతుంది. 6 × 9లో అయితే 2,400 షీట్లు, దగ్గర దగ్గర 5 రీములు. మన చందాలకు వచ్చేది 3 రీములే. అందులో 6 × 9 వేయిస్తే 40 పేజీలకు మించి రావు. మిగతా 24 పేజీల రచనలు పక్కన పెట్టాలి. ఆ రచనలు ఎవరివి? పేరున్న సీనియర్లవి ఎవరూ తీయరు. మొదటిసారి కలం పట్టిన ఇంటర్ తమ్ముళ్లవే పోతాయి. మాలో చాలామందిమి మా ఇళ్లలో మొదటి డిగ్రీ వాళ్లం. అచ్చులో పేరున్న పుస్తకం ఇంటికి పట్టుకెళితే, చదవడం రాని అమ్మ ఆ పేరు మీద వేలు పెట్టి ఎక్కడుందో చూపించమంటుంది. దాన్ని తుక్కు కాగితం కోసం వదులుకోవడానికి మాకు మనసొప్పలేదు.

అంచులు తీసేద్దాం అన్నాడు ఒక తమ్ముడు. అది కుదరదు. ట్రిమ్మింగు కత్తి కాస్త అటూ ఇటూ అయితే అక్షరాలే తెగుతాయి. పిన్ను కొట్టిన వైపు మాటలు మడతలోకి పోతాయి. చదివేవాడి బొటనవేలికి చోటుండాలి. అయితే పక్కన ముప్పావు అంగుళం, పైన, కింద అంగుళంపావు చాలునా? ప్రెస్సు అన్నను అడిగాం. "చాలు, అంతకంటే తగ్గకండి" అన్నాడు. 4 + 1.5, 6 + 2.5. సరిగ్గా 5.5 × 8.5! అచ్చు 24 అంగుళాలూ పట్టింది.

ఊరుకోలేక, ఈ కొత్త అంచులకు కనిష్ఠం ఎంతో కూడా లెక్క కట్టాం. 46.72 చదరపు అంగుళాలు వచ్చింది. మన పేజీ 46.75. తేడా 0.03. షీటు మడతల కోసం పుట్టిన సైజు అవకలజానికి ఇంత దగ్గరగా రావడం చూసి ఆ రాత్రి మెస్సులో మేము చేసిన గోలకు వాచ్‌మన్ తాత వచ్చి లైటు ఆర్పేశాడు.

64 పేజీలూ నిండాయి. ఒక్క రచన కూడా తీయలేదు.

ఈసారి వార్షికోత్సవం పోస్టర్ కొలతలు కూడా ఇలాగే కట్టాం. అచ్చు 96 చదరపు అంగుళాలు, పక్కల రెండేసి అంగుళాలు, పైన, కింద మూడేసి అంగుళాల ఖాళీ. చేసి చూడండి. జవాబు మెస్సు గోడకు అతికించి ఉంది.